378 ఎపిసోడ్లు, ఒకే కలం: హెర్బర్ట్ రైనెకర్ గురించి

అందరికీ నమస్కారం. వెనక నిలబడ్డవాళ్ళు ముందుకొచ్చి కూర్చోండి, ఇక్కడ కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి. మాట వినబడుతోందా? సరే, మొదలుపెడతాను.

ఈ పూట మనం మాట్లాడుకోబోయే రచయిత పేరు హెర్బర్ట్ రైనెకర్. విన్నవాళ్ళు చెయ్యెత్తండి. ఇద్దరా? పర్లేదు. ఆయన పేరు కన్నా ఆయన పుట్టించిన పాత్ర పేరే లోకానికి ఎక్కువ తెలుసు. డెరిక్. మ్యూనిక్ నగరంలో హత్య కేసులు చూసే పోలీసు అధికారి ష్టెఫాన్ డెరిక్. జర్మనీలో జెడ్‌డీఎఫ్ చానల్లో 1974 అక్టోబర్‌లో మొదలైన ఆ సీరియల్ 1998 అక్టోబర్ దాకా, అంటే ఇరవై నాలుగేళ్ళు నడిచింది. మొత్తం 281 ఎపిసోడ్లు, ఒక్కోటి గంట. వందకు పైగా దేశాలు కొనుక్కున్నాయి. ఆ 281కీ కథ, స్క్రీన్‌ప్లే, మాటలు అన్నీ ఒక్క మనిషే రాశాడు. దానికి ముందు 'డెర్ కొమిస్సార్' అని ఇంకో సీరియల్ ఉండేది. 1969 నుంచి 1976 దాకా వచ్చింది, 97 ఎపిసోడ్లు. అవీ ఆయనవే. కలిపితే 378.

మన దగ్గర సీరియల్ టైటిల్స్ చూడండి. కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే ఇంకొకరిది, మాటలు వేరొకరివి. ఆ మాటల రచయిత కూడా ఆర్నెల్లకోసారి మారిపోతుంటాడు. అలవాటైన మనకి ఈ 378 అనే అంకె వినగానే ముందు అసూయ పుడుతుంది, తర్వాత నడుం నొప్పి పుడుతుంది. (నవ్వులు)

అంకె చెప్పి చప్పట్లు కొట్టించుకోవడానికైతే ఇంత దూరం రానక్కర్లేదు. ఈయన రాసిన వందల కథల్ని వరసగా చూస్తే అన్నిటి అడుగునా ఒకే ప్రశ్న కనబడుతుంది. తప్పు చేసినవాడు ఆ తప్పును మోస్తూ ఎలా బతుకుతాడు? భోజనం ఎలా చేస్తాడు, పిల్లల మొహం ఎలా చూస్తాడు? ఈ ప్రశ్నను జర్మనీలో టీవీ ముందు కూర్చున్న జనాన్ని ముప్ఫై ఏళ్ళు అడిగినవాడు ఎక్కణ్ణుంచి వచ్చాడు? ఎవర్ని అడిగాడు, ఎవర్ని అడక్కుండా వదిలేశాడు? నేను చెప్పదలుచుకున్నది అదే.

రైనెకర్ 1914 డిసెంబర్ 24న హాగెన్‌లో పుట్టాడు. రూర్ ప్రాంతం అంచున ఉండే పారిశ్రామిక పట్టణం అది. పుట్టేసరికి మొదటి ప్రపంచ యుద్ధం మొదలై ఐదు నెలలవుతోంది. హిట్లర్ గద్దెనెక్కేనాటికి కుర్రాడికి పద్దెనిమిదేళ్ళు. చేతిలో రాత ఉంది, ఉద్యోగం కావాలి. దొరికిన చోటు నాజీ పార్టీ యువజన సంఘమైన హిట్లర్ యూత్ పత్రికలు. బెర్లిన్ చేరాడు. పదేళ్ళ నుంచి పద్నాలుగేళ్ళ లోపు మగపిల్లల కోసం నడిపే పత్రికకు సంపాదకుడయ్యాడు. యుద్ధం వచ్చాక నాజీల సాయుధ దళం వాఫెన్ ఎస్‌ఎస్‌లో యుద్ధ విలేఖరిగా పనిచేశాడు. 1942లో 'డాస్ డోర్ఫ్ బై ఒడెస్సా' అనే నాటకం రాశాడు, అదీ ప్రచారం కోసమే. ఎస్‌ఎస్ వాళ్ళ సొంత వారపత్రిక 'డాస్ ష్వార్‌త్సె కోర్'. బెర్లిన్ చుట్టూ ఉచ్చు బిగుస్తున్న ఆఖరి వారాల దాకా ఈయన అందులో రాస్తూనే ఉన్నాడు.

గుమాస్తా పని చేశాడు, పొట్టకూటికి చేశాడు అని దాటేయడానికి వీల్లేదు. పిల్లల మనసులోకి మాటను ఎలా దింపాలో తెలిసినవాడు, ఆ విద్యను ఆ ప్రభుత్వం చేతిలో పెట్టాడు. ఇది ఆయన జీవితంలో ఓ ఫుట్‌నోట్ కాదు, రచయితగా ఆయన నేర్చుకున్న మొదటి బడి అది.

ఆయన సినిమా రచనకు వచ్చింది కూడా ఆ దారినే. 1944లో 'యుంగె ఆడ్లర్' అనే సినిమా వచ్చింది. కుర్ర గద్దలు అనుకోండి. దర్శకుడు ఆల్ఫ్రెడ్ వైడెన్‌మాన్. ఈయన కూడా హిట్లర్ యూత్ కోసం సినిమాలు తీసి వచ్చినవాడే. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తుంది. కథ ఏమిటంటే, విమానాల ఫ్యాక్టరీ అధిపతికి గారాల కొడుకు ఒకడుంటాడు. పొగరుబోతు. తండ్రి వాణ్ణి తీసుకెళ్ళి అదే ఫ్యాక్టరీలో అప్రెంటిస్ కుర్రాళ్ళ మధ్య పడేస్తాడు. అక్కడ వాడు పదిమందిలో ఒకడిగా కలిసిపోవడం నేర్చుకుంటాడు. తుపాకులు పేలవు, శత్రువు కనబడడు. యుద్ధం మాట పెద్దగా ఎత్తకుండానే యుద్ధానికి కావలసిన కుర్రాణ్ణి తయారుచేసే కథ. పనితనం ఉన్న స్క్రిప్టు. అందుకే ఎక్కువ భయపెడుతుంది.

అందులో ఓ కుర్రాడు నటించాడు, అతనికది మొదటి సినిమా. హార్డీ క్రూగర్. తర్వాత హాలీవుడ్ దాకా వెళ్ళాడు, మీలో కొందరికి మొహం గుర్తొస్తుంది. అప్పటికి పదిహేనేళ్ళు. ఆ రోజుల్లోనే స్టూడియోలో హన్స్ సోన్‌కర్ అనే నటుడితో పరిచయమై, నాజీల అసలు రూపం ఆయన వల్లే తెలిసిందని క్రూగర్ తర్వాతి కాలంలో చెప్పాడు. ప్రచార సినిమా తీస్తున్న ఆవరణలోనే ఆ ప్రచారానికి విరుగుడు దొరికిందన్నమాట. అయినా 1945 వసంతంలో, పదహారేళ్ళ వయసులో, ఆ పిల్లాణ్ణి కూడా ఎస్‌ఎస్ డివిజన్లో వేసి యుద్ధానికి తోలారు.

ఇక్కడ పదేళ్ళు ముందుకు దూకుతాను, ఎందుకంటే రైనెకర్ కెరీర్‌లో నాకు అన్నిటికన్నా ఆసక్తి కలిగించే ఘట్టం అక్కడుంది.

1955. సినిమా పేరు 'కిండర్, మ్యూట్టర్ ఉంట్ ఐన్ గెనెరాల్'. పిల్లలు, తల్లులు, ఒక జనరల్. రైనెకర్ నవలే మూలం, స్క్రీన్‌ప్లేలోనూ ఆయన చెయ్యి ఉంది. కాలం 1945 మార్చి, చోటు అప్పటి జర్మనీ తూర్పు వైపున్న స్టెట్టిన్ నగర పరిసరాలు. రష్యన్ సైన్యం దగ్గరికొచ్చేసింది. బడి పిల్లలు కొందరు వీరావేశంతో ఇంట్లో చెప్పకుండా యుద్ధానికి పారిపోతారు. వాళ్ళను వెనక్కి తెచ్చుకోవడానికి తల్లులు బయల్దేరతారు. లారీలు పట్టుకుని, అధికారుల్ని బతిమాలి, బురదలో నడిచి యుద్ధరంగం దాకా వెళతారు. హిల్డె క్రాల్, తెరెజె గీజె లాంటి గొప్ప నటీమణులు. మాక్సిమిలియన్ షెల్‌కు అది మొదటి సినిమా. క్లౌస్ కిన్‌స్కీ కూడా ఉంటాడు.

గమనించారా? ఆ పిల్లలకు ఆ వీరావేశం ఎక్కణ్ణుంచి వచ్చింది? ఏ పత్రిక చదివి, ఏ సినిమా చూసి వాళ్ళు ఇల్లు వదిలారు? ఆ పత్రికకు సంపాదకుడు, ఆ సినిమాకు రచయిత, ఇప్పుడు తల్లుల వైపు నిలబడి ఈ కథ చెబుతున్న మనిషే. కథలో మాత్రం పిల్లల్ని రెచ్చగొట్టిన రచయిత పాత్ర ఎక్కడా లేదు. తల్లి ఉంది, కొడుకు ఉన్నాడు, జనరల్ ఉన్నాడు, ఆఖరికి డ్రైవరు కూడా ఉన్నాడు. తన కుర్చీ ఒక్కటే ఖాళీగా వదిలేశాడు.

ఈ సినిమా నిర్మాత ఎవరో కూడా చెప్పాలి. ఎరిక్ పొమ్మర్. 'మెట్రోపొలిస్' అనే పేరుమోసిన మూకీ సినిమా నిర్మించిన మహానుభావుడు. యూదుడు కావడం వల్ల 1933లో జర్మనీ వదిలిపోవలసి వచ్చింది. యుద్ధం తర్వాత అమెరికా నుంచి తిరిగొచ్చి, ఎస్‌ఎస్ పత్రికలో రాసిన మనిషి నవలను సినిమాగా తీశాడు. ఏ సర్దుబాటుతో, ఏ మనసుతో తీశాడో మనం ఊహించగలమే తప్ప తేల్చి చెప్పలేం. యుద్ధానంతర పశ్చిమ జర్మనీ సినిమా పరిశ్రమ అలాంటి చేతుల కలయికతోనే మళ్ళీ లేచింది.

ఈ యాభైల్లోనే వైడెన్‌మాన్‌తో జోడీ మళ్ళీ కుదిరింది. 1954లో 'కానారిస్'. హిట్లర్ సైనిక గూఢచారి విభాగానికి పెద్దగా ఉండి, చివరికి 1945 ఏప్రిల్‌లో ఫ్లోసెన్‌బూర్గ్ నిర్బంధ శిబిరంలో ఉరికంబమెక్కిన అడ్మిరల్ కథ. తర్వాత 1957లో 'డెర్ ష్టెర్న్ ఫాన్ ఆఫ్రికా', ఓ యుద్ధ విమాన పైలట్ కథ. రెండూ బాగా ఆడాయి. రెండిట్లోనూ సూత్రం ఒకటే. మంచి జర్మన్ అధికారి, చెడ్డ కాలం. పాపం కాలానిది, మనిషిది కాదు. ప్రేక్షకులకు ఆ మందు కావాలి, ఈయన దగ్గర ఆ మందు ఉంది. వీటి మీద ఇంతకంటే సమయం పెట్టను.

అరవైల్లో గాలి మారింది. యుద్ధ కథలు పాతబడ్డాయి, నేర కథలు మొదలయ్యాయి. ఎడ్గర్ వాలెస్ అనే ఇంగ్లీషు రచయిత నవలలు పట్టుకుని జర్మన్లు వరసబెట్టి సినిమాలు తీస్తున్నారు. కథ లండన్లో, షూటింగ్ బెర్లిన్, హాంబుర్గ్‌లలో, పొగమంచు యంత్రం ఖర్చు నిర్మాతది. (నవ్వులు) 1964లో వచ్చిన 'డెర్ హెక్సర్' రైనెకర్ రాసిందే. ఇంకొన్నిటికి అలెక్స్ బెర్గ్ అనే మారుపేరు పెట్టుకున్నాడు. ముసుగులు, కొరడా పట్టిన సన్యాసులు, నేలమాళిగలు. సరదా సరుకు. అయితే ఇక్కడ ఓ పని నేర్చుకున్నాడు. ప్రేక్షకుణ్ణి ఎప్పుడు తప్పుదారి పట్టించాలి, ఎప్పుడు ఊపిరి తీసుకోనివ్వాలి అన్న లెక్క.

టీవీ సంగతి వేరే. జర్మన్ టీవీలో నేర కథకు ఎంత పట్టు ఉండేదో ఓ ముచ్చట చెబుతాను. 1962 జనవరిలో టీవీ చానల్ ఏఆర్‌డీ వాళ్ళు ఓ హత్య కథను కొన్ని భాగాలుగా వేశారు. వీధులు ఖాళీ. ఆ ఉత్కంఠ మధ్యలో వోల్ఫ్‌గాంగ్ నొయిస్ అనే హాస్యనటుడు బెర్లిన్ పేపర్లో ప్రకటన ఇచ్చి మరీ హంతకుడి పాత్ర వేసిందెవరో బయటపెట్టేశాడు. జనం తిట్టిన తిట్లు అన్నీ ఇన్నీ కావు, దేశద్రోహి అన్నంత పని చేశారు. దేశద్రోహం అనే మాటకు అంత భయంకరమైన చరిత్ర ఉన్న దేశంలో, పదిహేడేళ్ళు తిరక్కుండానే, ఆ మాట ఓ సీరియల్ ముగింపు చెప్పినవాడి మీద పడింది.

జెడ్‌డీఎఫ్ కొత్త చానల్, 1963లో పుట్టింది. పోటీకి దానికీ అలాంటి కథలు కావాలి. అక్కడ హెల్ముట్ రింగెల్‌మాన్ అనే నిర్మాత ఉన్నాడు. 1967లో ఆయనా రైనెకరూ కలిసి 'డెర్ టోడ్ లొయిఫ్ట్ హింటర్‌హెర్' అనే మూడు భాగాల కథ ఇచ్చారు, మరుసటి ఏడాది 'బాబెక్' ఇచ్చారు. అవి నిలబడ్డాయి. ఇక ఆ ఇద్దరి బంధం ముప్ఫై ఏళ్ళు తెగలేదు. నిర్మాత ఒకడు, రచయిత ఒకడు, చానల్ ఒకటి. అవతల ఏఆర్‌డీలో 1970 నుంచి వస్తున్న 'టాటోర్ట్' అనే పోలీసు సీరియల్ చూడండి. ఏఆర్‌డీ అంటే ప్రాంతీయ స్టేషన్ల కూటమి కనుక ఒక్కో వారం ఒక్కో నగరం, ఒక్కో పోలీసు, ఒక్కో రచయిత. అక్కడ రైనెకర్ లాంటివాడు పుట్టడానికి చోటే లేదు. ఒక్క మనిషి 378 రాయగలిగాడంటే అది ప్రతిభ ఒక్కటే కాదు, ఆ ఏర్పాటు కూడా.

'డెర్ కొమిస్సార్' 1969 జనవరి 3న మొదలైంది. మొదటి ఎపిసోడ్ వానలో చచ్చిపడి ఉన్న ఓ పెద్దమనిషి గురించి. అప్పటికే జర్మనీలో రంగుల టీవీ వచ్చి ఏడాదిన్నర అవుతోంది, అయినా ఈ సీరియల్ చివరిదాకా నలుపు తెలుపులోనే నడిచింది. ఎరిక్ ఓడె అనే నటుడు వేసింది కెల్లర్ అనే దర్యాప్తు అధికారి. చేతిలో సిగరెట్, మొహంలో విసుగులేని అలసట. పక్కన ముగ్గురు కుర్ర అధికారులు. అందులో ఒకడు ఫ్రిట్స్ వెప్పర్ వేసిన హారీ క్లైన్. ఈ హారీని తర్వాత 'డెరిక్'లోకి తీసుకెళ్ళిపోయారు. ఖాళీ అయిన చోట్లోకి హారీ తమ్ముడిగా ఎర్విన్ క్లైన్ వచ్చాడు, వేసింది ఫ్రిట్స్ సొంత తమ్ముడు ఎల్మార్ వెప్పర్.

ఇప్పుడు పనితనం సంగతి. ఇక్కడున్న కుర్ర రచయితలు ఇది బాగా వినండి.

రైనెకర్ కథల్లో వెంటాడటాలు, కాల్పులు చాలా తక్కువ. ఒక శవం, ఒక ఇల్లు, నలుగురైదుగురు మనుషులు. పోలీసు ఆ ఇంటికి వెళతాడు, కూర్చుంటాడు. మళ్ళీ వెళతాడు. మళ్ళీ కూర్చుంటాడు. ఖర్చు తక్కువ, మాట ఎక్కువ. ఆ మాటల్లో ఓ పద్ధతి ఉంది. ఎదుటివాడు చెప్పిన చివరి ముక్కను పోలీసు తిరిగి పలుకుతాడు. నేను కల్పించి చెబుతాను చూడండి. "తొమ్మిదింటికి బయటికెళ్ళాడు." "బయటికెళ్ళాడా?" "అవును, ఒంటరిగా." "ఒంటరిగా." అంతే. రెండోసారి 'ఒంటరిగా' అనగానే చెప్పినవాడికే అనుమానం వస్తుంది, నేను అబద్ధం చెప్పానా అని. ప్రశ్న వేయకుండా ప్రశ్నించడం. ఎగతాళి చేసేవాళ్ళు దీన్నే పట్టుకుని ఎగతాళి చేశారు. గంట నిడివి నింపడానికి చిలకపలుకులు అన్నారు. కొంత నిజమే. తొంభైల్లో కొన్ని ఎపిసోడ్లు చూస్తే హంతకుడి కన్నా ముందు మనమే లొంగిపోతాం. (నవ్వులు) కానీ మంచి నటుడి నోట్లో పడితే అదే పద్ధతి మెడ చుట్టూ బిగుసుకుంటుంది. మరియా షెల్ లాంటి పేరున్న తారలు అతిథి పాత్రలకు వచ్చారంటే కారణం అదే. యాక్షన్ సీరియల్లో అతిథికి దొరికేది రెండు సీన్లు. ఈయన స్క్రిప్టులో అతిథికే ఎపిసోడ్ మొత్తం. పోలీసు ఊరికే వినేవాడు.

అన్నట్టు, డెరిక్ పేరు చెప్పగానే జర్మన్లంతా ఒక డైలాగ్ అంటారు. "హారీ, కారు తీసుకురా" అని. ఆ మాట అచ్చంగా ఆ రూపంలో డెరిక్ ఏ ఎపిసోడ్లోనూ అనలేదు. 281 గంటలు రాసినవాడికి జనం తమ డైలాగ్ ఒకటి రాసిచ్చారు, అదే మిగిలింది.

'డెరిక్' మొదటి ఎపిసోడ్ 'వాల్డ్‌వెగ్', అడవి దారి. 1974 అక్టోబర్ 20. ఆడపిల్లల హాస్టల్ బడి, అడవిలో హత్య. వోల్ఫ్‌గాంగ్ కీలింగ్ వేసిన టీచరే హంతకుడని మనకు మొదట్లోనే తెలిసిపోతుంది. ఎవరు చంపారన్నది కాదు, ఆ మనిషి ఎలా కూలతాడన్నది కథ. నా లెక్కలో రైనెకర్ రాసిన వాటిలో ఇదే అసలైన రూపం. ఆయనకు దాచిపెట్టే ఆట మీద కన్నా, తెలిసిపోయాక మనిషి మొహం ఎలా మారుతుందన్న దాని మీదే ఆశ. ప్రేక్షకులు మాత్రం ఒప్పుకోలేదు. హంతకుడెవరో చివరిదాకా దాచాలని పట్టుబట్టారు. మెల్లగా సీరియల్ ఆ దారికి తిరిగింది. తిరిగినా ఆయన తన ప్రశ్నను వదల్లేదు. హంతకుడు దొరికాక కూడా డెరిక్ ఆ గదిలోంచి కదలడు. ఎందుకు అని అడుగుతాడు. జవాబు విన్నాక గెలిచిన మొహం పెట్టడు, ఎవరో సొంతవాళ్ళు పోయినట్టు నిలబడతాడు.

డెరిక్ పాత్ర వేసిన హోర్స్ట్ టాపెర్ట్ దాన్ని అద్భుతంగా మోశాడు. పొడుగాటి మనిషి, కళ్ళ కింద సంచులు, మంచి కోటు. డెరిక్‌కు ఇల్లు సంసారం అంటూ పెద్దగా చూపించరు. ఇతరుల పాపాల మీద దిగులు పడటమే అతని జీవితం.

ఎవరి పాపాలు? ఇక్కడికే వద్దామనుకుంటున్నా. డెరిక్ వెళ్ళే ఇళ్ళు ఎక్కువగా మ్యూనిక్ డబ్బున్నవాళ్ళ విల్లాలు. ఇంటి పెద్దకు అరవై ఏళ్ళుంటాయనుకోండి. కథ జరిగేది 1974. లెక్క వేయండి. 1944లో ఆయనకు ముప్ఫై. ఆ విల్లా ఎలా వచ్చింది, ఆ ఫ్యాక్టరీలో యుద్ధకాలంలో ఎవరు వెట్టిచాకిరీ చేశారు, ఈయన ఏ యూనిఫాం వేసుకున్నాడు? నేను చూసినంతలో డెరిక్ ఈ ప్రశ్న వేయడు. దురాశ గురించి అడుగుతాడు, పిల్లల్ని ప్రేమించని తల్లిదండ్రుల గురించి అడుగుతాడు, మాదకద్రవ్యాలు అమ్మేవాళ్ళ గురించి ఆవేదన పడతాడు. సమాజం చెడిపోతోందంటాడు. ఎప్పుడు చెడటం మొదలైందో చెప్పడు. నేరం ఎప్పుడూ పోయిన మంగళవారమే జరుగుతుంది, ముప్ఫై ఏళ్ళ కింద జరగదు.

దాన్ని మోసం అని తేల్చేయడం సులువు. నాకు మాత్రం అంతకన్నా చిక్కుగా కనబడుతుంది. అపరాధభావం అనే ముడిసరుకు ఆయన దగ్గర కావలసినంత ఉంది. దాని అసలు చిరునామా రాయలేక, వారానికో కొత్త చిరునామా రాశాడు. ఆ తప్పించుకోవడంలోంచే డెరిక్ దిగులు పుట్టిందని నా నమ్మకం. వట్టి వ్యాపార రచయిత అయితే పోలీసుకు అంత దిగులు పెట్టాల్సిన పనిలేదు, పట్టుకోవడంతో కథ ముగించేవాడు.

సెట్‌లో ఎవరెవరు ఉండేవారో చూస్తే ఇంకా విచిత్రంగా ఉంటుంది. వైడెన్‌మాన్ ఈ సీరియళ్ళకు ఎన్నో ఎపిసోడ్లు తీశాడు. అదే 'యుంగె ఆడ్లర్' వైడెన్‌మాన్. ఇంకో దర్శకుడు జ్బినెక్ బ్రినిఖ్, చెక్ దేశస్థుడు. నాజీల నిర్బంధ వాడ టెరెజీన్ ఘెట్టో నుంచి యూదుల్ని శిబిరాలకు తరలించడం మీద 1962లో కదిలించే సినిమా తీసినవాడు. ఆయన కూడా రైనెకర్ స్క్రిప్టులు చేతబట్టుకుని మ్యూనిక్‌లో షూటింగ్ చేశాడు. ఒకే సీరియల్ టైటిల్స్‌లో ఈ పేర్లన్నీ దొర్లుతుంటాయి.

1990లో రైనెకర్ ఆత్మకథ రాశాడు. దాని పేరు పెట్టడమే కాలం గురించిన నివేదిక అన్నట్టు పెట్టాడు, సొంత జీవితం ఏదో అక్కరకొస్తే వాడుకున్నట్టు. తన గతాన్ని దాచలేదు. తెలిసిన సంగతే. పరిశోధకులు కూడా దాని మీద రాశారు. అయినా సీరియల్‌కు ఏ ఆటంకమూ రాలేదు.

మరి ఆటంకం ఎప్పుడొచ్చింది? 2013లో. టాపెర్ట్ 2008లో చనిపోయాడు, రైనెకర్ అంతకు ఏడాది ముందే, 2007 జనవరిలో, 92 ఏళ్ళ వయసులో పోయాడు. ఇద్దరూ పోయాక ఓ పరిశోధకుడి చేతికి కాగితాలు దొరికాయి. టాపెర్ట్ కుర్రతనంలో వాఫెన్ ఎస్‌ఎస్‌లో సైనికుడిగా ఉన్నాడని. పెద్ద గొడవ. జెడ్‌డీఎఫ్ ఇక 'డెరిక్' పునఃప్రసారం చేయబోమని చెప్పింది. నటుడు దాచాడు, దాచింది దొరికింది, కోపం న్యాయమే. కానీ ఒకసారి తూకం వేయండి. టాపెర్ట్ ఇరవై ఏళ్ళ సిపాయి. ఆ సీరియల్‌లో ప్రతి మాటా రాసినవాడు ఎస్‌ఎస్ పత్రికలో వ్యాసాలు రాసినవాడు, ఆ విషయం దశాబ్దాలుగా అచ్చులోనే ఉంది. దానికి ఎవరూ సీరియల్ ఆపలేదు. తెర మీద మొహానికి శిక్ష పడింది, టైటిల్స్‌లో పేరు ఎవరి కంటా పడలేదు. రచయితను పట్టించుకోరని మనం ఎప్పుడూ ఏడుస్తాం కదా, ఇక్కడ ఆ పట్టించుకోకపోవడమే ఒకాయన్ని కాపాడింది.

నేరం లేని రచనలూ ఉన్నాయి, వాటిని మరిచిపోతే అన్యాయం. 1982 నుంచి 'యాకోబ్ ఉంట్ ఆడెలె' అని వచ్చింది. ఒక ముసలాయన, ఒక ముసలామె. కార్ల్ హైన్‌త్స్ ష్రోట్, బ్రిగిట్టె హోర్నె. పిల్లలు పెద్దవాళ్ళయ్యారు, ఇంట్లో వీళ్ళు అడ్డం. ఇద్దరూ స్నేహమవుతారు. అంతే కథ. పోలీసు లేడు, శవం లేదు, దిగులు మాత్రం ఉంది, దాని పక్కనే చమత్కారం ఉంది. రాసేనాటికి ఆయనకూ డెబ్బై దగ్గరపడుతున్నాయి. ఓడ ప్రయాణాల సీరియల్ 'డాస్ ట్రౌమ్‌షిఫ్'కూ రాశాడు, అది ఆదివారం భోజనం తర్వాత కునుకులాంటిది, దాన్ని వదిలేద్దాం.

1998 అక్టోబర్‌లో డెరిక్‌ను యూరప్ దేశాల ఉమ్మడి పోలీసు సంస్థ యూరోపోల్‌కు పంపించి కథ ముగించాడు. అప్పటికి రైనెకర్‌కు 83. ఆగాడా? అదే నెలలో 'సిస్కా' అని కొత్త పోలీసు సీరియల్ మొదలైతే దాని తొలి కథలూ ఈయనే ఇచ్చాడు.

నేను చెప్పాలనుకున్నది అయిపోయింది. ప్రశ్నలుంటే అడగండి.

(సభలోంచి: సార్, ఇప్పుడు ఒక్కరే అన్ని ఎపిసోడ్లు రాయడం కుదురుతుందా?)

కుదరదమ్మా. రాయలేక కాదు, రాయనివ్వరు. నెలకొక గంట కథ, అంటే ఏడాదికి పన్నెండు. చేతనైనవాడికి అది అసాధ్యమేమీ కాదు. 1974, 75ల్లో రెండు సీరియళ్ళూ పక్కపక్కనే నడుస్తున్నప్పుడు మాత్రం గట్టిగానే పరిగెత్తి ఉంటాడు. కానీ ప్రతి స్క్రిప్టు మీదా ఆరుగురు అభిప్రాయం చెప్పే చోట ఒకే గొంతు నిలబడదు. రింగెల్‌మాన్ లాంటి నిర్మాత అడ్డం నిలబడాలి. అయితే ఒకే గొంతు కావడం వల్ల నష్టం కూడా చూశాం. పక్కన ఇంకో రచయిత ఉండి ఉంటే, ఎప్పుడో ఒక రోజు ఆ విల్లా పెద్దమనిషిని 1944 గురించి అడిగించేవాడేమో.

(సభలోంచి: ఇంత తెలిశాక చూడబుద్ధి అవుతుందా సార్?)

అవుతుంది. నాకైతే తెలిశాకే ఎక్కువైంది. వరస మాత్రం చెబుతాను. ముందు 1955 సినిమా, తల్లుల కథ చూడండి. తర్వాత 'డెర్ కొమిస్సార్' మొదటి ఏడాదివి ఓ నాలుగు. ఆ తర్వాత 'వాల్డ్‌వెగ్', దానితో పాటు డెబ్బైల డెరిక్. తొంభైలవి చివరికి ఉంచుకోండి, ఓపిక మిగిలితే. ఆ 1955 సినిమాలో ఓ అరగంట ఇప్పుడు వేస్తున్నాం, సబ్‌టైటిల్స్ ఇంగ్లీషులో ఉంటాయి. బాబూ, ఆ ప్రొజెక్టర్ ఆన్ చెయ్యి.